విభాగ న్యాయం: బ్రాకెట్ లోపల ప్రతివారికీ వాటా
(సొసైటీ వార్షిక సభలో చేసిన ప్రసంగ పాఠం)



ఈ సభలో నన్ను నాలుగు మాటలు చెప్పమన్నారు. ఉపన్యాసాలు చెప్పడం నాకు అలవాటు లేదు. నాకు తెలిసిన పని ఒకటే, నల్లబల్ల ముందు నిలబడి లెక్కలు చెప్పడం. కనుక ఈ రోజు కూడా ఒక లెక్కే చెబుతాను. వార్షికోత్సవంలో బీజగణితం ఏమిటి మాస్టారూ అని మీరు అనుకోవచ్చు. ఒక్క అరగంట ఓపిక పట్టండి. ఇది పిల్లల చదువుకు సంబంధించిన మాటే. ఇంకా చెప్పాలంటే, ఇంట్లో ఆస్తి పంపకాలకు సంబంధించిన మాట కూడా.

మన పిల్లలు అయిదో తరగతి వరకు లెక్కలు బాగానే చేస్తారు. కూడికలు, తీసివేతలు, ఎక్కాలు వస్తాయి. ఆరు, ఏడు తరగతుల్లో అంకెల మధ్యకు అక్షరం వస్తుంది, దాని వెనుక బ్రాకెట్ వస్తుంది. అక్కడ చాలామంది ఆగిపోతారు. ఎనిమిదిలో భయం, తొమ్మిదిలో బడి ఎగ్గొట్టడం, పదిలో లెక్కల పరీక్ష తప్పడం. తప్పిన మగపిల్లవాడు మెకానిక్ షెడ్డుకు వెళతాడు. తప్పిన ఆడపిల్ల ఇంట్లో కూర్చుంటుంది. పాలిటెక్నిక్ ప్రవేశ పరీక్షలో ఎక్కువ ప్రశ్నలు లెక్కలవే. ఆ తలుపు కూడా మూసుకుపోతుంది. ఇంట్లోవాళ్లు “మా పిల్లకు లెక్కలు రావు, అల్లా అలా రాశాడు” అని సరిపెట్టుకుంటారు.

నేను ఇన్నేళ్లుగా పరీక్ష పేపర్లు దిద్దుతున్నాను. ఆ పేపర్లు చూసి చెబుతున్నాను, మన పిల్లలకు బుర్ర లేక కాదు. వందల పేపర్లలో నాకు కనిపించే తప్పు చాలాసార్లు ఒక్కటే. బ్రాకెట్ బయట ఉన్న అంకెను లోపలి మొదటి దానితో మాత్రం హెచ్చించి, రెండో దాన్ని మరచిపోవడం. ఆ ఒక్క తప్పు దిద్దుకుంటే ఎన్నో లెక్కలు వాటంతట అవే దారికి వస్తాయి. ఆ సంగతే ఈ రోజు చెప్పదలచుకున్నాను.

మొదట బజారుకు వెళదాం

ఒక తండ్రికి ముగ్గురు పిల్లలు. ఒక్కొక్కరికి ఒక నోటు పుస్తకం, ఒక పెన్ను కొనాలి. పుస్తకం 40 రూపాయలు, పెన్ను 10 రూపాయలు. మొత్తం ఎంత?

ఒకరికి 40 + 10, అంటే 50. ముగ్గురికి 150. దీన్ని లెక్కల భాషలో ఇలా రాస్తాం:

3(40 + 10) = 3 × 40 + 3 × 10 = 120 + 30 = 150

బ్రాకెట్ అంటే ఒక సంచీ అనుకోండి. సంచీలో ఒక పుస్తకం, ఒక పెన్ను. బయట 3 ఉంది అంటే అలాంటి సంచీలు మూడు. మూడు సంచీలు విప్పి బల్ల మీద పోస్తే మూడు పుస్తకాలూ ఉంటాయి, మూడు పెన్నులూ ఉంటాయి. దీనికి తెలుగు పాఠ్యపుస్తకంలో విభాగ న్యాయం అని పేరు. విభాగం అంటే పంపకం. పేరులోనే న్యాయం ఉంది చూడండి.

ఇప్పుడు తొందరపడ్డ పిల్లవాడు ఏం చేస్తాడు? 3 × 40 + 10 = 130 అని రాస్తాడు. అంటే ముగ్గురికీ పుస్తకాలు కొన్నాడు గాని పెన్ను ఒక్కటే కొన్నాడు. ఇద్దరు పిల్లలు పెన్ను లేకుండా బడికి వచ్చారు. పేపరు మీద చిన్న తప్పులా కనబడుతుంది. బజారులో చూస్తే అది అన్యాయం అని వెంటనే తెలుస్తుంది.

ఈ న్యాయం మనకు కొత్తది కాదు. కూరగాయల బండి దగ్గర చూడండి. 98 రూపాయల చొప్పున 7 కిలోలు ఎంత అని అడిగితే, బడికి పోని అమ్మ కూడా “వంద చొప్పున ఏడువందలు, రెండేసి చొప్పున పద్నాలుగు తీసెయ్యి, ఆరువందల ఎనభై ఆరు” అని టక్కున చెబుతుంది. ఆమె చేసింది 7(100 − 2) = 700 − 14. పేరు తెలియకపోయినా న్యాయం తెలుసు.

పెద్దవాళ్ల గ్రంథాల్లోనూ ఇదే ఉంది. భాస్కరాచార్యులు 1150 ప్రాంతంలో రాసిన లీలావతిలో 135ను 12తో గుణించే లెక్క ఒకటి ఉంది. అందులో ఒక పద్ధతి, 12ను 8 + 4గా విడగొట్టి, రెండు ముక్కలతోనూ 135ను హెచ్చించి కలపడం. 1080, 540 కలిపితే 1620. ఆ లీలావతిని అక్బరు ఆస్థానంలో ఫైజీ 1587లో ఫారసీలోకి తెచ్చాడు. అంతకు ఎన్నో వందల ఏళ్ల ముందే గ్రీకు దేశపు యూక్లిడ్ తన గ్రంథం రెండో భాగంలో మొట్టమొదటి సిద్ధాంతంగా ఇదే విషయాన్ని దీర్ఘచతురస్రాలతో చూపించాడు. మనం వరండాలో చూద్దాం. 3 గజాల వెడల్పు ఉన్న వరండాలో 5 గజాల పొడుగు చాప ఒకటి, 4 గజాల పొడుగు చాప ఒకటి పక్కపక్కన పరిచాం. రెండు చాపలూ వరండా వెడల్పంతా ఉన్నాయి. మొత్తం 3 × 9 = 27 చదరపు గజాలు. విడివిడిగా కొలిస్తే 15, 12. కలిపితే 27. వెడల్పు మొదటి చాపకూ ఉంది, రెండో చాపకూ ఉంది. అంతే సంగతి.

తెలియని అంకె వచ్చినప్పుడు

ఇప్పుడు బీజగణితంలోకి అడుగు పెడదాం. పాఠ్యపుస్తకంలో తెలియని అంకెకు ఎక్స్ అనే అక్షరం పెడతారు. నేను ‘క్ష’ అని పెడతాను. అక్షరం ఏదైతేనేం, అది మనకు ఇంకా తెలియని ఒక అంకెకు గుర్తు. అంతకుమించి అందులో భయపడవలసింది ఏమీ లేదు.

ఒక తల్లి మూడు కుర్తాలు కుట్టించింది. ఒక్కో కుర్తాకు కుట్టుకూలి ఎంతో మనకు తెలియదు, క్ష అనుకుందాం. ఒక్కోదానికి లేసు వేసినందుకు 50 రూపాయలు అదనం. మొత్తం 1,050 రూపాయలు ఇచ్చింది. కుట్టుకూలి ఎంత?

3(క్ష + 50) = 1,050
3క్ష + 150 = 1,050
3క్ష = 900
క్ష = 300

మొదటి వరుస నుంచి రెండో వరుసకు వచ్చినప్పుడు 3ను ఇద్దరికీ పంచాం, క్షకూ 50కీ. రెండో వరుస నుంచి మూడో వరుసకు వచ్చినప్పుడు రెండు పక్కల నుంచీ 150 తీసేశాం. తర్వాత రెండు పక్కలనూ 3తో భాగించాం. సరిచూసుకోండి: 300 + 50 = 350, మూడు సార్లు 1,050. సరిపోయింది.

ఉర్దూలో సమీకరణాన్ని ‘మసావాత్’ అంటాం. ఆ మాటకు అర్థం సమానత్వం. త్రాసుకు రెండు తట్టలు. ఒక తట్టలో ఏం చేస్తే రెండో తట్టలోనూ అదే చెయ్యాలి. ఒక పక్క 150 తీస్తే రెండో పక్కా 150 తియ్యాలి. సమీకరణాలు సాధించడం అంటే ఇవే రెండు మర్యాదలు. బ్రాకెట్ లోపల ప్రతివారికీ వాటా ఇవ్వాలి, రెండు పక్కలనూ సమానంగా చూడాలి.

తరగతిలో ఒక తెలివైన పిల్ల అడిగింది, “సార్, ముందే రెండు పక్కలనూ 3తో భాగిస్తే పంచే పని లేదు కదా?” అని. నిజమే. క్ష + 50 = 350, క్ష = 300. ఇక్కడ అది దగ్గర దారి. కాని ప్రతి లెక్కకూ ఆ దారి ఉండదు. ఈ లెక్క చూడండి.

ఒక తల్లి వయసు ఇప్పుడు కూతురి వయసుకు 4 రెట్లు. ఇంకో 5 ఏళ్లకు 3 రెట్లు అవుతుంది. ఇద్దరి వయసులు ఎంత?

కూతురి వయసు క్ష అయితే తల్లి వయసు 4క్ష. అయిదేళ్ల తర్వాత కూతురికి క్ష + 5, తల్లికి 4క్ష + 5. కనుక

4క్ష + 5 = 3(క్ష + 5)
4క్ష + 5 = 3క్ష + 15
క్ష = 10

కూతురికి 10, తల్లికి 40. అయిదేళ్లకు 15, 45. మూడు రెట్లు సరిపోయింది. ఇక్కడ క్ష రెండు పక్కలా ఉంది. 3తో భాగిద్దామంటే ఎడమ పక్కన భిన్నాలు వచ్చి చిక్కుపడుతుంది. పంచితే రెండు వరుసల్లో తేలిపోయింది.

ఇదే లెక్కలో తొందరపడ్డ పిల్లవాడు కుడి పక్కన 3క్ష + 5 అని రాస్తాడు. అప్పుడు 4క్ష + 5 = 3క్ష + 5. జవాబు క్ష = 0. అంటే కూతురికి వయసు సున్న, తల్లికీ వయసు సున్న! ఇద్దరూ ఈ రోజే పుట్టారన్నమాట. పిల్లలు నవ్వుతున్నారు. నవ్వండి, కాని మీ నోటు పుస్తకంలో ఇలాంటి జవాబు వచ్చినప్పుడు కూడా నవ్వు రావాలి. జవాబు వచ్చింది కదా అని కింద గీత గీసి ముందుకు పోకూడదు. ఇది లోకంలో జరిగే పనేనా అని అడగాలి.

తీసివేత గుర్తు ఉన్న చోట

ఇంకొంచెం కష్టమైనది. బ్రాకెట్ ముందు తీసివేత గుర్తు, లోపల కూడా తీసివేత గుర్తు. ఇక్కడ బాగా చదివే పిల్లలు కూడా జారిపోతారు. దీన్ని కూడా దుకాణానికే తీసుకుపోదాం.

ఒక అమ్మాయి 200 రూపాయలు పట్టుకుని వెళ్లింది. రెండు దుపట్టాలు కొన్నది. ఒక్కోదాని మీద దుకాణదారు 30 రూపాయలు తగ్గించాడు. ఆమె చేతిలో 120 రూపాయలు మిగిలాయి. దుపట్టా అసలు ధర ఎంత?

అసలు ధర క్ష. తగ్గించిన ధర క్ష − 30. రెండింటికి 2(క్ష − 30). అది 200లోంచి పోయింది.

200 − 2(క్ష − 30) = 120
200 − 2క్ష + 60 = 120
260 − 2క్ష = 120
2క్ష = 140
క్ష = 70

అసలు ధర 70. తగ్గించాక 40. రెండు కలిపి 80. 200లో 80 పోతే 120. సరిపోయింది.

రెండో వరుసలో 60 ముందు కూడిక గుర్తు ఎలా వచ్చింది? పిల్లలు అడగవలసిన ప్రశ్న ఇదే. మైనస్‌ను మైనస్‌తో హెచ్చిస్తే ప్లస్ అని బట్టీ పట్టిస్తాం. 628లో బ్రహ్మగుప్తుడు తన బ్రహ్మస్ఫుట సిద్ధాంతంలో ఆ సూత్రం స్పష్టంగా చెప్పాడు. కాని సూత్రం వెనుక అర్థం దుకాణంలో ఉంది. ఆ అమ్మాయి పూర్తి ధర ఇచ్చి ఉంటే చేతిలోంచి 2క్ష పోయేది. దుకాణదారు ఒక్కోదానికి 30 చొప్పున 60 తగ్గించాడు. ఆ 60 పోలేదు, ఆమె చేతిలోనే ఉండిపోయింది. చేతిలో ఉన్నదానికి కలపాలా, తియ్యాలా? కలపాలి. పోవలసినది పోకపోతే అది లాభమే కదా.

గుర్తు మార్చకుండా 200 − 2క్ష − 60 అని రాస్తే ఏమవుతుంది? 140 − 2క్ష = 120, క్ష = 10. దుపట్టా ధర 10 రూపాయలు, దాని మీద తగ్గింపు 30 రూపాయలు! అంటే దుకాణదారు దుపట్టా ఇచ్చి, పైన మనకే 20 రూపాయలు ఇచ్చాడు. అలాంటి దుకాణం మన ఊళ్లో ఉంటే నాకూ చెప్పండి.

అల్ జబ్ర్ అన్న మాట

ఇప్పుడు చేసిన లెక్కలో 260 − 2క్ష = 120 అనే వరుస ఒకటి ఉంది. దాన్ని పట్టుకుని కొంచెం వెనక్కి వెళదాం.

క్రీస్తు శకం 813 నుంచి 833 వరకు అల్ మామూన్ ఖలీఫాగా ఉన్నాడు. ఆయన కాలంలో బాగ్దాదులో ముహమ్మద్ ఇబ్న్ మూసా అల్ ఖ్వారిజ్మీ అనే పండితుడు ఉండేవాడు. ఖ్వారిజ్మ్ అంటే మధ్య ఆసియాలోని ప్రాంతం, ఇప్పటి ఉజ్బెకిస్తాన్ వైపు. ఆయన రాసిన పుస్తకం పేరులో రెండు మాటలు ఉన్నాయి, అల్ జబ్ర్, అల్ ముకాబలా. అల్ జబ్ర్ అన్న మాటే యూరపుకు వెళ్లి ఆల్జీబ్రా అయింది. ఆయన పేరే అల్గోరిథం అయింది. 1145లో రాబర్ట్ ఆఫ్ చెస్టర్ స్పెయిన్‌లో ఆ పుస్తకాన్ని లాటిన్‌లోకి మార్చాడు. అక్కడి నుంచి యూరపు నేర్చుకుంది.

జబ్ర్ అంటే విరిగినదాన్ని అతకడం, లోటు పూడ్చడం. ఎముకలు కట్టేవాణ్ణి స్పానిష్ భాషలో అల్జెబ్రిస్తా అనేవారు, ఈ మాట నుంచే. మన లెక్కలో 260కి 2క్ష లోటు ఉంది. రెండు పక్కలా 2క్ష కలిపితే లోటు పూడింది: 260 = 120 + 2క్ష. ఇది జబ్ర్. ఇప్పుడు రెండు పక్కల ఉన్న ఒకే జాతి వాటిని ఎదురెదురుగా పెట్టి సరిచెయ్యాలి. 260లోంచి 120 తీస్తే 140 = 2క్ష. ఇది ముకాబలా. ఏడో తరగతి పిల్ల ఈ రోజు చేసే పని పన్నెండు వందల ఏళ్ల నాటి పుస్తకం పేరులోనే ఉంది.

ఆయనకు క్ష లేదు, బ్రాకెట్ లేదు, కూడిక గుర్తు కూడా లేదు. సమాన గుర్తు ఇంగ్లండులో రాబర్ట్ రికార్డ్ 1557లో తెచ్చాడు. అల్ ఖ్వారిజ్మీ అంతా మాటల్లోనే రాశాడు. తెలియని అంకెను ‘షై’ అన్నాడు, అంటే వస్తువు. “పదిలోంచి ఒక వస్తువు తీసి దాన్ని పదితో హెచ్చించు” అన్న తీరులో ఆయన లెక్కలు నడుస్తాయి. పదులూ ఒకట్లూ కలిసి ఉన్న రెండు సంఖ్యలను హెచ్చించాలంటే నాలుగు హెచ్చవేతలు చెయ్యాలని వివరంగా చెప్పాడు. అంటే ఒక్క ముక్కనూ వదలవద్దని. విభాగ న్యాయం అన్న పేరు ఆయనకు తెలియదు. ఈ ధర్మానికి ‘డిస్ట్రిబ్యూటివ్’ అన్న పేరును ఫ్రాన్సు దేశపు సెర్వోయ్ 1814లో వాడాడు. పేరు వెనుక వచ్చింది, పని ముందే ఉంది.

ఆ పుస్తకం ఎందుకు రాశాడు? ముందుమాటలో ఆయనే చెప్పాడు, వారసత్వాల్లో, వసీయతుల్లో, పంపకాల్లో, వ్యాజ్యాల్లో, వ్యాపారంలో, భూమి కొలతల్లో, కాలువలు తవ్వడంలో జనానికి పనికి రావాలని. పుస్తకంలో చాలా పెద్ద భాగం వారసత్వపు లెక్కలే. ఆల్జీబ్రా మన గుమ్మంలోకి ఎక్కడి నుంచో వచ్చిన చుట్టం కాదు. పంపకం సక్రమంగా జరగాలనే అవసరం దాని వెనుక ఉంది.

ఒక పంపకం లెక్క

కాబట్టి అలాంటి లెక్క ఒకటి మనమూ చేద్దాం. ఇది ఊహించిన కుటుంబమే, ఎవరి ఇంటి సంగతీ కాదు. అసలు పంపకం దగ్గర ఉలమాలను, తెలిసినవారిని అడగాలి. నేను చెప్పేది లెక్క వరకే.

ఒకాయన చనిపోయాడు. ఆయన తల్లిదండ్రులు ముందే పోయారు. భార్య, ఇద్దరు కొడుకులు, ముగ్గురు కూతుళ్లు ఉన్నారు. మొత్తం వదిలిన సొమ్ము 2,80,000. ఖననం ఖర్చులు, అప్పు కలిపి 40,000 ఉంది. వసీయతు ఏమీ లేదు. ముందు ఖర్చులూ అప్పూ తీరాలి, తర్వాతే వాటాలు. పిల్లలు ఉన్నప్పుడు భార్యకు ఎనిమిదో వంతు. మిగిలినది పిల్లలకు, కొడుక్కి రెండు పాళ్లు, కూతురికి ఒక పాలు.

భార్య వాటా: 1/8 (2,80,000 − 40,000)

న్యాయంగా పంచితే 2,80,000లో ఎనిమిదో వంతు 35,000. 40,000లో ఎనిమిదో వంతు 5,000. తీసివేస్తే 30,000. అంటే అప్పులోనూ ఆమెకు ఎనిమిదో వంతు భారమే, అంతకన్నా ఎక్కువ కాదు.

ఇప్పుడు బ్రాకెట్ మరచిపోయి లెక్క కట్టండి. ఎనిమిదో వంతును 2,80,000కే వేసి, 40,000 అలాగే తీసేస్తే, 35,000 − 40,000. అంటే ఆ విధవరాలికి రావలసినది ఏమీ లేకపోగా, ఎదురు ఆమే 5,000 ఇవ్వాలి! అప్పు మొత్తం ఆమె నెత్తిన పడింది. ఒక్క బ్రాకెట్ మరచినందుకు 30,000 రావలసిన మనిషి 5,000 బాకీ పడింది. పరీక్ష పేపరులో ఈ తప్పుకు రెండు మార్కులు పోతాయి. పంచాయితీలో ఒక ఆడమనిషి నోటి దగ్గర అన్నం పోతుంది. ఎదుట కూర్చున్నవాళ్లు కావాలని చేసినా, తెలియక చేసినా, లెక్క తెలిసిన కూతురు ఒకతె ఆ ఇంట్లో ఉంటే “మామూ, ఒక్క నిమిషం, ఆ నలభై వేలకు కూడా ఎనిమిదో వంతే పడాలి” అని చెప్పగలుగుతుంది.

మిగిలిన లెక్క కూడా పూర్తి చేద్దాం. పంచవలసిన 2,40,000లో భార్యకు 30,000 పోను 2,10,000. కూతురి వాటా క్ష అంటే కొడుకు వాటా 2క్ష.

2(2క్ష) + 3క్ష = 2,10,000
7క్ష = 2,10,000
క్ష = 30,000

ఒక్కో కూతురికి 30,000, ఒక్కో కొడుక్కి 60,000. సరిచూడండి: తల్లికి 30,000, కొడుకులకు 1,20,000, కూతుళ్లకు 90,000. మొత్తం 2,40,000. అప్పు 40,000 కలిపితే 2,80,000. పైసా ఎక్కువ లేదు, పైసా తక్కువ లేదు.

రెండో వరుసలో 4క్ష, 3క్ష కలిపి 7క్ష ఎలా అయ్యాయో పిల్లలు అడగవచ్చు. అదీ విభాగ న్యాయమే, వెనక్కి నడిపాం. 4క్ష + 3క్ష అంటే (4 + 3)క్ష. నాలుగు సంచీలూ మూడు సంచీలూ ఏడు సంచీలు.

ఇంట్లో మీరు చెయ్యగలిగినది

“మాకు ఆల్జీబ్రా రాదు, పిల్లలకు ఏం చూస్తాం?” అని తల్లులు అంటారు. చూడగలరు. మూడు పనులు చెబుతాను.

మొదటిది, బాణాలు లెక్కపెట్టండి. బ్రాకెట్ బయటి అంకె నుంచి లోపలి ప్రతిదానికీ ఒక బాణం గీయమని పిల్లకు చెప్పండి. లోపల రెండు ఉంటే రెండు బాణాలు, మూడు ఉంటే మూడు. “బేటా, లోపల ఎంతమంది ఉన్నారు? ఎంతమందికి అందింది?” అని అడగండి. దానికి మీకు ఆల్జీబ్రా అక్కరలేదు. భోజనాల దగ్గర వడ్డించేటప్పుడు మీరు రోజూ అడిగే ప్రశ్నే అది.

రెండోది, జవాబును మళ్లీ లెక్కలో పెట్టించండి. క్ష చోట జవాబు పెట్టి రెండు పక్కలా కట్టమనండి. రెండు పక్కలా ఒకటే వస్తే మంచిది. లేకపోతే మళ్లీ చెయ్యమనండి. ఈ అలవాటు ఉన్న పిల్లకు జవాబు తప్పో ఒప్పో మాస్టారు చెప్పనక్కరలేదు. ఈ రోజుల్లో ఫోనుతో లెక్కను ఫోటో తీస్తే జవాబు చెప్పే యాప్‌లు ఉన్నాయి. అవి జవాబు చెబుతాయి. పంచాయితీలో అప్పు ఎవరి వాటాలోంచి పోవాలో ముందు లెక్కగా రాసుకోవలసింది మనమే. పరీక్ష హాల్లోకి ఫోను రాదు కూడా.

మూడోది మాటల సంగతి. మా బడిలో పిల్ల మసావాత్ అని నేర్చుకుంటుంది. పక్కింటి పిల్ల సమీకరణం అంటుంది. ఇంటర్‌లో చేరగానే అది ఈక్వేషన్ అవుతుంది. ఇక్కడ ఖౌసైన్, అక్కడ కుండలీకరణాలు, తర్వాత బ్రాకెట్లు. పాఠం ఒకటే, పేరు మారినందుకు పిల్ల బెదిరి “ఇది నేను చదవలేదు” అనుకుంటుంది. కనుక నోటు పుస్తకం వెనుక పేజీలో మూడు వరుసలు గీసి, ప్రతి కొత్త మాటనూ మూడు భాషల్లో రాసుకోమనండి. ఏడో తరగతిలో మొదలుపెడితే పదో తరగతికి సొంత నిఘంటువు తయారవుతుంది.

కార్యవర్గానికి ఒక మనవి. పదో తరగతిలో తప్పిన తర్వాత ట్యూషన్లు పెట్టడం మంచిదే, కాని అప్పటికి ఆలస్యం అవుతుంది. ఏడో తరగతి పిల్లలకు, ముఖ్యంగా ఆడపిల్లలకు, వారానికి రెండు సాయంత్రాలు ఒక గంట చొప్పున సొసైటీ గదిలో లెక్కలు చెప్పించండి. నల్లబల్ల, సుద్దముక్కలు, ఒక చాప చాలు. చెప్పడానికి నేను వస్తాను. డిగ్రీ చదువుతున్న మన పిల్లలు కూడా ముందుకు రావాలి. మగ్రిబ్ లోపల పిల్లలు ఇళ్లకు చేరేలా వేళ పెట్టుకుందాం.

పిల్లలకు ఇంటిపని ఇవ్వకుండా ఏ మాస్టారూ సెలవు తీసుకోడు. ఇది రాసుకోండి: 5(క్ష − 2) = 3(క్ష + 4). బాణాలు నాలుగు పడాలి. జవాబును రెండు పక్కలా పెట్టి చూసుకున్నాకే నాకు చూపించండి. ముందుగా సరిచూసి తెచ్చినవారికి నా తరఫున ఒక జామెట్రీ పెట్టె.